వోర్టెక్సా, మోడ్ ఆర్గనైజరా? స్కైరిమ్‌కు మోడ్లు పెట్టబోయేవారికి

"అన్నా, వోర్టెక్స్ పెట్టమంటావా, మోడ్ ఆర్గనైజర్ పెట్టమంటావా?"

మా పిన్ని కొడుకు కొత్త ల్యాప్‌టాప్ కొన్న వారానికే ఫోను చేసి అడిగిన ప్రశ్న ఇది. స్కైరిమ్ స్పెషల్ ఎడిషన్ అనే కంప్యూటర్ ఆట తగ్గింపు ధరకు దొరికితే కొన్నాడు. రెండు రోజులు ఆడేసరికి మోడ్ల మీద, అంటే ఆటను మార్చడానికి అభిమానులు తయారుచేసే ఫైళ్ల మీద, మనసు పడింది. ఆ మోడ్లను పెట్టి, తీసి, సర్దే ప్రోగ్రాములే (మేనేజర్లు) వోర్టెక్స్, మోడ్ ఆర్గనైజర్. నేను జవాబు చెప్పకుండా ఎదురు ప్రశ్న వేశాను: "ఏదైనా చెడితే ఎలా వెనక్కి తీస్తావు?" వాడు కాసేపు ఆలోచించి, తెలియదన్నాడు.

మేనేజర్‌ను ఎంచుకోవడం ఈ ప్రశ్నతోనే మొదలుకావాలని నా గట్టి నమ్మకం. మోడ్ పెట్టడం ఎవరికైనా చేతనవుతుంది. పెట్టినదాన్ని ఆనవాలు మిగలకుండా తీసేయడమే కష్టం. ఈ రెండు మేనేజర్ల మధ్య అసలు తేడా అక్కడే బయటపడుతుంది. రెండూ ఉచితమే, రెండింటి సోర్సు కోడూ అందరికీ అందుబాటులో ఉన్నదే. ఇంకో విశేషమేమిటంటే, మొదటి మోడ్ ఆర్గనైజర్‌ను రాసిన టానిన్ అనే ప్రోగ్రామరే తర్వాత మోడ్లను పంచే నెక్సస్ మోడ్స్ సైటులో చేరి వోర్టెక్స్‌ను తయారుచేశారు. మోడ్ ఆర్గనైజర్ 2ను ఔత్సాహికులు కలిసి నడిపిస్తున్నారు. కాబట్టి ఒకటి మంచిది, ఇంకోటి చెడ్డది అన్న వాదనకు ఇక్కడ చోటు లేదు. ఒకే సమస్యకు దొరికిన రెండు వేర్వేరు పరిష్కారాలు ఇవి.

మేనేజర్ లేకపోతే ఏమవుతుంది?

స్కైరిమ్ ఆట ఉన్నచోట డేటా అనే ఫోల్డర్ ఉంటుంది. మోడ్ తాలూకు జిప్ ఫైలును విప్పి, లోపలున్నదంతా అందులో వేస్తే చాలా మోడ్లు పనిచేసేస్తాయి. ఒకటి రెండు మోడ్లతో సరిపెట్టుకునేవారికి ఇబ్బంది ఉండదు.

ఇప్పుడు ఇలా అనుకోండి. ఊళ్లను కలిపే రాతి బాటలను అందంగా చూపించే మోడ్ ఒకటి పెట్టారు. నెల తర్వాత కొండలు, బాటలు, గోడలు అన్నింటినీ మార్చే పెద్ద మోడ్ ఇంకోటి దించుకున్నారు. రెండింటిలోనూ బాట రాళ్ల బొమ్మ ఫైలుకు ఒకే పేరు, ఒకే చోటు. రెండోదాన్ని డేటా ఫోల్డర్లో వేస్తున్నప్పుడు, ఈ పేరుతో ఫైలు ఇప్పటికే ఉంది, దాని స్థానంలో కొత్తది పెట్టమంటారా అని విండోస్ అడుగుతుంది. మీరు సరేనంటారు. ఆ క్షణంలో మొదటి మోడ్ రాళ్లు పూర్తిగా చెరిగిపోయాయి. మరో నెలకు పెద్ద మోడ్ నచ్చక తీసేద్దామనుకుంటే, ఆ ఫోల్డర్లోని వేల ఫైళ్లలో ఏది ఏ మోడ్‌దో చెప్పే ఆధారమే ఉండదు. ఆటను మొత్తం తీసేసి మళ్లీ దించుకోవడం తప్ప దారి లేదు. నేనూ మొదట్లో చేత్తో పెట్టినవాణ్నే. ఆ ఒక్క ఏడాదిలో ఆటను నాలుగుసార్లు మళ్లీ దించుకున్నాను.

మోడ్లు దించుకోవడానికి ఆటలోనే క్రియేషన్స్ అనే మెనూ ఉంది కదా అంటారేమో. నాలుగైదు మోడ్లు చాలు అనుకునేవారికి, ప్లేస్టేషన్ మీదో ఎక్స్‌బాక్స్ మీదో ఆడేవారికి అది మంచిదే. పాత స్కైరిమ్‌కు ఉన్న స్టీమ్ వర్క్‌షాప్ (ఆటలమ్మే స్టీమ్ దుకాణంలోని మోడ్ల విభాగం) స్పెషల్ ఎడిషన్‌కు లేదు. కంప్యూటర్ మీద గట్టిగా మోడ్లు పెట్టాలనుకుంటే మిగిలేవి వోర్టెక్స్, మోడ్ ఆర్గనైజర్ 2.

ఫైళ్లు ఎక్కడ ఉంటాయి?

వోర్టెక్స్ మీ మోడ్లను ముందుగా తన సొంత ఫోల్డర్లో విప్పి పెట్టుకుంటుంది. దీన్ని స్టేజింగ్ ఫోల్డర్ అంటారు. మీరు డిప్లాయ్ నొక్కగానే అక్కడి ఫైళ్లకు హార్డ్ లింకులు తయారుచేసి డేటా ఫోల్డర్లో పెడుతుంది. హార్డ్ లింకు అంటే నకలు కాదు. ఒకే ఇంటికి రెండు వీధుల వైపు రెండు గుమ్మాలు ఉన్నట్టు అనుకోండి. ఇల్లు ఒకటే కాబట్టి డిస్కులో అదనపు చోటు పట్టదు. పర్జ్ నొక్కితే ఆట వైపు గుమ్మాలన్నీ మూసుకుంటాయి, స్టేజింగ్ వైపు ఇల్లు అలాగే ఉంటుంది.

ఈ పద్ధతిలో పెద్ద సుఖం ఏమిటంటే, ఫైళ్లు నిజంగానే డేటా ఫోల్డర్లో ఉంటాయి. ఆటను స్టీమ్ నుంచి తెరిచినా, డెస్క్‌టాప్ గుర్తు నొక్కి తెరిచినా మోడ్లు కనిపిస్తాయి. మోడ్లతో పనిచేసే ఇతర ప్రోగ్రాములకూ కనిపిస్తాయి.

ఇక షరతులు. స్టేజింగ్ ఫోల్డర్, ఆట రెండూ ఒకే పార్టిషన్‌లో ఉండాలి, ఎందుకంటే హార్డ్ లింకు పార్టిషన్ దాటి పోలేదు. మన దగ్గర చాలా ల్యాప్‌టాప్‌లలో 512 జీబీ డిస్కును సీ, డీ అని రెండుగా విడగొట్టి ఉంచుతారు. మా తమ్ముడిదీ అంతే: ఆట డీలో, వోర్టెక్స్ సీలో. మోడ్లు డిప్లాయ్ కావడం లేదని రెండు రోజులు తల పట్టుకున్నాడు. సెట్టింగులలోకి వెళ్లి స్టేజింగ్ ఫోల్డర్‌ను డీకి మార్చగానే పని జరిగింది. ఎక్స్‌ఫ్యాట్ పద్ధతిలో ఫార్మాట్ చేసిన బయటి హార్డ్ డిస్కులలో హార్డ్ లింకులు అసలు పనిచేయవు. ఆటను అలాంటి డిస్కులో పెట్టుకున్నవారు ముందు ఎన్‌టీఎఫ్‌ఎస్‌కు మార్చుకోవాలి.

ఇంకో చిక్కు కాస్త లోతైనది. రెండు గుమ్మాలూ ఒకే ఇంటివి కాబట్టి, ఏదైనా ప్రోగ్రాము డేటా ఫోల్డర్లోని ఫైలును దిద్దితే స్టేజింగ్‌లోని అసలు ఫైలు కూడా మారిపోవచ్చు. ఫైలును తీసేసి కొత్తది పెడితే లింకు తెగిపోతుంది. అప్పుడు వోర్టెక్స్ ఒక పెట్టె చూపించి, బయట మార్పులు జరిగాయి, కొత్తదాన్ని ఉంచమంటారా, పాతదానికి వెళ్లమంటారా అని అడుగుతుంది. ఈ పెట్టెను చదవకుండా నొక్కేసేవారే ఎక్కువ. దయచేసి చదవండి. ఏ ఫైలు, ఏ మోడ్‌ది అన్నది అందులోనే ఉంటుంది.

మోడ్ ఆర్గనైజర్ 2 దారి వేరు. అది డేటా ఫోల్డర్‌ను ముట్టుకోదు. ప్రతి మోడ్‌కూ ఒక ఫోల్డర్ ఇచ్చి తన దగ్గరే ఉంచుకుంటుంది. ఆటను దాని ద్వారా తెరిచినప్పుడు మాత్రం, ఆ ఫోల్డర్లన్నీ డేటా ఫోల్డర్లోనే ఉన్నట్టు ఆటకు చూపిస్తుంది. గుడిలో మూలవిరాట్టుకు రోజుకో అలంకారం చేస్తారు. అలంకారం తీస్తే మూలమూర్తి ఎప్పటిలాగే ఉంటుంది. ఇక్కడ ఆట మూలమూర్తి, మోడ్లు అలంకారం. ఆటను మూసేసి డేటా ఫోల్డర్ తెరిచి చూడండి, ఆటను తయారుచేసిన బెథెస్డా ఇచ్చిన ఫైళ్లు తప్ప ఇంకేమీ ఉండవు. మోడ్లను ఆట ఉన్న పార్టిషన్‌లోనే పెట్టాలన్న నియమమూ లేదు.

దీనికీ ఖరీదు ఉంది. ఆటను ఎప్పుడూ మోడ్ ఆర్గనైజర్ నుంచే తెరవాలి. మరిచిపోయి స్టీమ్ నుంచి తెరిస్తే మోడ్లు లేని ఆట వస్తుంది. అందులో మీ పాత సేవ్ (దాచుకున్న ఆట) తెరిస్తే, ఈ సేవ్‌కు కావలసినవి కొన్ని లేవని హెచ్చరిక వస్తుంది. దాన్ని దాటేసి ఆడి మళ్లీ సేవ్ చేస్తే మాత్రం ఆ సేవ్ పాడవుతుంది. మోడ్లను దిద్దే ఎస్‌ఎస్‌ఈ ఎడిట్ వంటి పనిముట్లను కూడా మోడ్ ఆర్గనైజర్ లోపలి నుంచే తెరవాలి, లేకపోతే వాటికి మోడ్లు కనిపించవు. ఆ పనిముట్లు తయారుచేసే కొత్త ఫైళ్లు ఎడమవైపు జాబితా అడుగున ఓవర్‌రైట్ అనే చోట చేరతాయి. వాటిని అక్కడే కుప్పగా వదిలేయకుండా ఒక పేరుపెట్టి మోడ్‌గా మార్చుకుంటే తర్వాత వెతుకులాట తప్పుతుంది. కొన్ని యాంటీవైరస్ ప్రోగ్రాములకు ఈ పద్ధతి అనుమానంగా కనిపించి అడ్డుపడతాయి. మోడ్ ఆర్గనైజర్‌ను ఆట ఫోల్డర్లో గానీ ప్రోగ్రామ్ ఫైల్స్‌లో గానీ పెట్టవద్దు. డ్రైవు మొదట్లోనే ఒక ఫోల్డర్ చేసి అందులో పెట్టండి.

ఒక్క రాతి బాట కోసం

పైన చెప్పిన రాళ్ల గొడవను ఇప్పుడు రెండు మేనేజర్లలోనూ చూద్దాం. రోజూ తగిలే పని ఇదే.

వోర్టెక్స్‌లో రెండు మోడ్లూ ఒకే ఫైలు కోసం పోటీపడితే జాబితాలో ఎర్రని మెరుపు గుర్తు కనిపిస్తుంది. దాన్ని నొక్కితే, ఈ మోడ్ ఆ మోడ్ తర్వాత లోడ్ కావాలి అని నియమం పెట్టమంటుంది. నియమం పెట్టగానే ఎరుపు పోతుంది. వరుస సంఖ్యలు గుర్తుంచుకునే పని లేదు. ఇరవై, ముప్ఫై మోడ్ల వరకు ఇది ఎంతో హాయిగా ఉంటుంది. మోడ్లు వందలకు పెరిగాక కథ మారుతుంది. క అనే మోడ్ తర్వాత గ, గ తర్వాత చ, మళ్లీ చ తర్వాత క అని తెలియకుండానే నియమాలు చుట్టు తిరుగుతాయి. అప్పుడు వోర్టెక్స్ ఆగిపోయి, చుట్టు విప్పమని అడుగుతుంది. ఏ నియమం ఎందుకు పెట్టామో ఆరు నెలల తర్వాత గుర్తుండదు.

మోడ్ ఆర్గనైజర్‌లో నియమాలు లేవు. ఎడమవైపు నిలువు జాబితా ఒకటుంది, కింద ఉన్నది పైనున్నదాన్ని కప్పేస్తుంది. అంతే. పెద్ద మోడ్‌ను పైకి, రాతి బాటల మోడ్‌ను కిందికి లాగితే మీకు నచ్చిన రాళ్లే కనిపిస్తాయి. ఒక మోడ్ మీద నొక్కితే దానితో తగువు ఉన్న మిగతా మోడ్ల రంగు మారుతుంది. రెండుసార్లు నొక్కి కాన్‌ఫ్లిక్ట్స్ పేజీ తెరిస్తే, ఏ ఫైలులో ఎవరు గెలిచారో, ఎవరు ఓడారో పేరుపేరునా రాసి ఉంటుంది. ఒక్క ఫైలే వద్దనుకుంటే అక్కడే దాన్ని దాచేయవచ్చు. వోర్టెక్స్‌లోనూ ఫైలు స్థాయిలో మార్చుకునే వీలుంది. అయినా మొత్తం పరిస్థితి ఒక్క చూపులో అర్థమయ్యేది మోడ్ ఆర్గనైజర్‌లోనే. నాకు అది నచ్చడానికి మొదటి కారణం ఈ జాబితాయే.

ఇక్కడ కొత్తవాళ్లు చాలామంది పొరబడే సంగతి ఒకటుంది. ఫైళ్ల వరుస వేరు, ప్లగిన్ల వరుస వేరు. బొమ్మలు, శబ్దాల వంటి ఫైళ్లలో ఎవరిది నెగ్గాలన్నది మొదటిది. ఆటలోని మనుషులు, వస్తువులు, చోట్ల వివరాలను మార్చే ఈఎస్‌పీ, ఈఎస్‌ఎమ్ అనే ప్లగిన్లలో ఏది చివర లోడ్ కావాలన్నది రెండోది. ఒకదాన్ని సరిచేస్తే ఇంకోటి సరికాదు. ప్లగిన్ల వరుసను లూట్ అనే పనిముట్టు సర్దుతుంది. వోర్టెక్స్ దాన్ని లోపలే పెట్టుకుని తనంతట తానే సర్దేస్తుంది. దాని వరుస నచ్చకపోతే చేత్తో లాగడం కుదరదు, మళ్లీ నియమాలే పెట్టాలి. మోడ్ ఆర్గనైజర్ కుడివైపు జాబితాలో లూట్‌తో సర్దించుకోవచ్చు, చేత్తోనూ లాగవచ్చు. మామూలు ప్లగిన్లు సుమారు 254 దాటితే ఆట మోయలేదు. ఈఎస్‌ఎల్ అనే తేలిక రకం ప్లగిన్లు వచ్చాక ఆ బాధ చాలావరకు తీరింది. అవి 4096 వరకు పెట్టుకోవచ్చు.

ఆట అప్‌డేట్ అయినప్పుడు

పేరున్న మోడ్లలో చాలావాటికి ఎస్‌కేఎస్‌ఈ అనే స్క్రిప్ట్ ఎక్స్‌టెండర్, అంటే ఆట చేయగల పనులను పెంచే ప్రోగ్రాము, కావాలి. మెనూలను చక్కదిద్దే స్కైయూఐ కూడా అది లేకపోతే పనిచేయదు. ఎస్‌కేఎస్‌ఈ ఆట వెర్షన్‌కు సరిగ్గా సరిపోవాలి. 2023 డిసెంబరులో క్రియేషన్స్ మెనూ వచ్చిన అప్‌డేట్‌తో ఎంతోమంది మోడ్లు ఒక్క రాత్రిలో పనిచేయడం మానేశాయి. తర్వాత 2024 జనవరిలో 1.6.1170 వచ్చింది. కొందరు ఇప్పటికీ 1.5.97 అనే పాత వెర్షన్‌నే అంటిపెట్టుకుని ఉన్నారు. మోడ్ దించుకునే ముందు అది ఏ వెర్షన్‌కు రాసినదో తప్పకుండా చూడండి. స్టీమ్‌లో స్కైరిమ్ ప్రాపర్టీస్ తెరిచి, ఆట తెరిచినప్పుడు మాత్రమే అప్‌డేట్ చేయమని మార్చుకుని, ఆటను ఎస్‌కేఎస్‌ఈ ద్వారానే తెరవడం అలవాటు చేసుకోండి.

ఈ ఒక్క విషయంలో వోర్టెక్స్‌కు కొంచెం మొగ్గు ఉంది. ఎస్‌కేఎస్‌ఈ ఫైళ్లు కొన్ని డేటాలో కాకుండా ఆట ప్రధాన ఫోల్డర్లో ఉండాలి. వోర్టెక్స్ వాటిని గుర్తుపట్టి సరైన చోట పెట్టేస్తుంది. మోడ్ ఆర్గనైజర్ వాడేవారు ఆ ఫైళ్లను మామూలుగా చేత్తోనే పెట్టుకోవాలి.

ఎవరో కూర్చిన జాబితా కావాలంటే

ఒక్కో మోడ్‌ను ఏరుకునే ఓపిక లేనివారికి సిద్ధంగా కూర్చిన జాబితాలు ఉన్నాయి. వోర్టెక్స్‌కు నెక్సస్ కలెక్షన్లు, మోడ్ ఆర్గనైజర్‌కు వాబ్బాజాక్. నెక్సస్ ప్రీమియం చందా ఉంటే రెండూ వాటంతటవే దించుకుంటాయి. చందా లేకపోతే ప్రతి మోడ్‌కూ మీరే బటన్ నొక్కాలి. వంద మోడ్ల కలెక్షన్ అయితే ఒక ఆదివారం సరిపోతుంది. పెద్ద వాబ్బాజాక్ జాబితాలు డిస్కులో వందల జీబీ అడుగుతాయి, ఇంటి ఇంటర్నెట్‌కు నెలవారీ పరిమితి ఉన్నవారు ముందే లెక్క చూసుకోవాలి. ఇలాంటి జాబితా పెట్టుకున్నాక మీకు నచ్చిన మోడ్లు అందులో చేర్చడం మొదలుపెడితే, కూర్చినవారి సాయం మీకు అందదు. జాబితాను ఉన్నది ఉన్నట్టు ఆడండి.

నా సలహా

స్కైరిమ్ ఒక్కటే ఆడేవారు, లేదా దానితోపాటు ఫాల్అవుట్ 4 వంటి బెథెస్డా ఆటలు ఆడేవారు, యాభై దాటి మోడ్లు పెట్టాలనుకుంటే మోడ్ ఆర్గనైజర్ 2 తీసుకోండి. మొదటి రెండు రోజులు కష్టంగా ఉంటుంది. ఆ తర్వాత ప్రతి రోజూ సుఖమే. ప్రొఫైళ్లు దానిలో మరీ బాగుంటాయి: ఒక ప్రొఫైల్‌లో వందల మోడ్ల ఆట, ఇంకోదానిలో కొత్త మోడ్ల పరీక్ష, రెండింటికీ సేవ్‌లు వేరుగా పెట్టుకోవచ్చు. వోర్టెక్స్‌లోనూ ప్రొఫైళ్లు ఉన్నాయి గానీ మారిన ప్రతిసారీ మళ్లీ డిప్లాయ్ కావాలి.

పదిహేను, ఇరవై మోడ్లతో తృప్తిపడేవారికి, సైబర్‌పంక్ 2077 వంటి వేరే ఆటలనూ ఒకే చోటునుంచి నడుపుకోవాలనుకునేవారికి వోర్టెక్స్ సరైనది. స్కైరిమ్ కాని ఆటల సంగతి కూడా ఒక్క మాటలో చెబుతాను, ఎందుకంటే అన్నింటికీ ఈ రెండే మందు అనుకుంటే పొరపాటు. బల్డర్స్ గేట్ 3లో 2024 సెప్టెంబరు నాటి ఏడో ప్యాచ్ నుంచి ఆటలోనే మోడ్ మేనేజర్ ఉంది, ముందు దాన్ని వాడి చూడండి. స్టార్‌డ్యూ వ్యాలీకి స్మాపీ అనే మోడ్ లోడర్ పెట్టుకుని, మోడ్లను దాని మోడ్స్ ఫోల్డర్లో వేస్తే చాలు. స్నేహితులతో వాల్‌హైమ్, లీథల్ కంపెనీ ఆడేవారికి ఆర్2మోడ్‌మ్యాన్ అనే మేనేజర్ మేలు. ఒకరి ప్రొఫైల్ కోడ్‌ను మిగతావారికి పంపితే అందరి దగ్గరా ఒకే మోడ్లు ఉంటాయి. మైన్‌క్రాఫ్ట్ జావా ఎడిషన్‌కు ప్రిజం లాంచర్ నా ఎంపిక, ఒక్కో ప్రపంచానికి ఒక్కో వెర్షన్, ఒక్కో మోడ్ల కట్ట విడిగా పెట్టుకోవచ్చు. 2023 జూన్‌లో ఫ్రాక్చరైజర్ అనే హానికర ప్రోగ్రాము కొన్ని మైన్‌క్రాఫ్ట్ మోడ్లలో చొరబడిన సంగతి గుర్తుంచుకోండి. ఏ మేనేజర్ వాడినా, మోడ్ అంటే మన కంప్యూటర్‌లో నడిచే ఎవరో రాసిన ప్రోగ్రామే.

ఎంత మంచి మేనేజర్ అయినా చేయలేని పని ఒకటుంది. స్క్రిప్టులు (ఆట నడుస్తుండగా పనిచేసే ఆదేశాలు) ఉన్న మోడ్‌ను ఆట మధ్యలో తీసేస్తే, ఫైళ్లు పోతాయి గానీ దాని ఆనవాళ్లు సేవ్‌లో మిగిలిపోతాయి. నేను ఒకసారి అలా తీసేశాను. ఆట మామూలుగానే తెరుచుకుంది. రెండు గంటల తర్వాత ఒక పట్టణం గుమ్మం దాటిన ప్రతిసారీ ఆగిపోవడం మొదలైంది. నలభై గంటల ఆట అక్కడే వదిలేశాను. ఆ బాధ ఇంకెవరికీ రాకూడదు. అందుకే కొత్త మోడ్ పెట్టే ముందు డాక్యుమెంట్స్‌లో మై గేమ్స్ కింద ఉన్న స్కైరిమ్ సేవ్స్ ఫోల్డర్‌ను వేరేచోట నకలు తీసుకోండి. మోడ్ ఆర్గనైజర్‌లో ప్రొఫైల్‌కు వేరు సేవ్‌లు పెట్టుకుంటే అవి ఆ ప్రొఫైల్ ఫోల్డర్లో ఉంటాయి, నకలు అక్కడినుంచి తీయాలి.

మా తమ్ముడికి చివరికి చెప్పిందే మీకూ చెబుతున్నాను. ముందు మోడ్లు ఏమీ లేకుండా ఆటను ఒకసారి తెరిచి మూసేయండి. ఎంచుకున్న మేనేజర్‌తో ఒకే ఒక్క చిన్న మోడ్ పెట్టండి, ఆటలో కనిపిస్తోందో లేదో చూడండి. తర్వాత దాన్ని తీసేసి, డేటా ఫోల్డర్ తెరిచి, ఏమైనా మిగిలిందేమో వెతకండి. వాడు వోర్టెక్స్‌తో ఒకసారి, మోడ్ ఆర్గనైజర్‌తో ఒకసారి ఈ పని చేశాడు. మొత్తం అరగంట పట్టింది. సాయంత్రం మళ్లీ ఫోను చేసినప్పుడు ఏది పెట్టమంటావని అడగలేదు, మోడ్ ఆర్గనైజర్‌లో ఓవర్‌రైట్ ఎందుకు ఎర్రగా ఉందని అడిగాడు.